రేపు మీ కోసం ఎదురుచూసేదెవరు?

ఒకటో తారీఖున జీతం ఠంచనుగా పడుతుంది. పొద్దున కార్డు స్వైప్ చేసి లోపలికెళ్తే సాయంత్రం దాకా ఏసీలో కూర్చోవచ్చు. ఫలానాది ఎంతవరకు వచ్చిందని అడిగేవాడు ఉండడు. మాదాపూర్, గచ్చిబౌలి కుర్రాళ్ళు దీన్ని ‘బెంచ్ మీద ఉండటం’ అంటారు. ఒక ప్రాజెక్టు అయిపోయి ఇంకోటి చేతికి రాని రోజులన్నమాట. ఊళ్ళో తాతగారికి చెబితే, ‘పని చెప్పకుండా జీతమిస్తారా! పెట్టి పుట్టావురా’ అంటాడు. కానీ బెంచ్ మీద రెండు నెలలు గడిపిన కుర్రాణ్ణి కదిపి చూడండి. మొదటి వారం సినిమాలు, రెండో వారం నిద్ర. మూడో వారానికి పాత టీమువాళ్ళు క్యాంటీన్‌లో కనిపిస్తే పక్కదారి పట్టడం. ఉద్యోగం ఊడుతుందేమోనన్న భయం సరే, అది అందరికీ తెలిసిందే. దాని కింద పైకి చెప్పుకోలేని బాధ ఇంకోటి ఉంటుంది: ఇవాళ నేను రాకపోయినా ఎవరి పనీ ఆగదు.

అదే ఇంట్లో నాన్నగారు కిందటి ఏడాది రిటైరయ్యారు. పెన్షన్ వస్తోంది, ఒంట్లో బాగానే ఉంది. పేపరు మాత్రం తొమ్మిదింటికల్లా అయిపోతోంది. ఆ పేపరు ముట్టుకునే తీరిక అమ్మకు మధ్యాహ్నం రెండు దాటితే గానీ దొరకదు. ఒకరికి జీతం ఉంది, పని లేదు. ఒకరికి తీరిక ఉంది, ఏం చేయాలో తోచదు. ఇంకొకరికి పని ఉంది, జీతమూ లేదు, తీరికా లేదు. ‘నచ్చిన పని చేయండి, హాబీ పెట్టుకోండి, ధ్యానం చేయండి’ అంటూ తెల్లారకుండానే వాట్సాప్‌లో వచ్చిపడే సలహా ముగ్గురికీ ఒకటే. ముగ్గురికీ అది పనికిరాదు. నాకు తోచినంతలో పనికైనా తీరికకైనా రుచి తెచ్చే సంగతి ఒకటుంది. మనం చేసేదాని కోసం అవతల ఒక మనిషి ఎదురుచూస్తూ ఉండాలి. ఇష్టాయిష్టాల లెక్క ఆ తర్వాతే.

మిల్లు మూతపడిన ఊరు

ఖాళీ సమయం మనిషిని ఏం చేస్తుందో దగ్గరుండి లెక్కగట్టి చూసినవాళ్ళలో మేరీ యహోదా, పాల్ లాజర్స్‌ఫెల్డ్, హాన్స్ జైజెల్ ముఖ్యులు. ఆస్ట్రియాలో వియన్నాకు దగ్గర్లో మారియెంతాల్ అని ఒక ఊరుంది. ఊరంతా ఒక్క బట్టల మిల్లు మీదే బతికేది. మాంద్యం దెబ్బకి 1929-30లో ఆ మిల్లు మూతపడింది. 1931 చివర్లో వీళ్ళ బృందం అక్కడికి వెళ్ళింది. నోటుపుస్తకం పట్టుకుని ఊరికే చూస్తూ నిలబడకూడదని ముందే ఒక నియమం పెట్టుకున్నారు. వెళ్ళిన ప్రతివాళ్ళూ ఊరికి పనికొచ్చే పని ఏదో ఒకటి చేయాలి. పాత బట్టలు సేకరించి పంచారు, కుట్టుపని నేర్పారు, వైద్య సాయం ఏర్పాటు చేశారు. ఆ వంకతో ఇళ్ళలోకి వెళ్ళి చూసినదంతా 1933లో పుస్తకంగా వచ్చింది.

అందులో లైబ్రరీ ముచ్చట నన్ను వదలదు. మిల్లు నడిచిన రోజుల్లో కార్మికులు అలసిపోయి వచ్చి కూడా పుస్తకాలు తీసుకెళ్ళేవాళ్ళు. మిల్లు పోయాక రోజంతా ఖాళీ. పైగా పుస్తకానికి కట్టాల్సిన రుసుము కూడా ఎత్తేశారు. అయినా రెండేళ్ళలో పుస్తకాలు తీసుకెళ్ళడం దాదాపు సగానికి పడిపోయింది. ఏ గంటలో ఏం చేశారో రాయమని కాగితాలిస్తే మగవాళ్ళకు గుర్తు రాలేదు. లేచింది, పిల్లల్ని బడికి పంపింది, తిన్నది, పడుకున్నది రాశారు. మధ్యలో గంటలు ఎటు పోయాయో వాళ్ళకే తెలియదు. వీధిలో నడిచేవాళ్ళను చాటు నుంచి గమనించి వేగం కూడా లెక్కేశారు. మగవాళ్ళు నాలుగడుగులు వేయడం, ఆగడం, ఎవరైనా కనిపిస్తే అక్కడే నిలబడిపోవడం. ఆడవాళ్ళు మాత్రం విసవిసా వెళ్ళిపోతున్నారు. మిల్లు కూలి వాళ్ళకూ పోయింది. పొయ్యి మీద గిన్నె, పిల్లల బట్టలు పోలేదు కదా!

ఇదంతా మనసుకు పట్టిన జబ్బని తేల్చేయడానికి లేదు. ఆ ఊళ్ళో ఆకలి ఉంది. ప్రభుత్వమిచ్చే భత్యం చాలీచాలనిది, కొన్నాళ్ళకు అదీ ఆగిపోయేది. కానీ ఆకలి ఒక్కటే అయితే పుస్తకం తెరవడానికి అడ్డేమిటి? దానికి డబ్బు అక్కర్లేదు, కాలం కావాల్సినంత ఉంది. యహోదా ఈ ప్రశ్న పట్టుకుని దశాబ్దాల పాటు ఆలోచించారు. ఉద్యోగం జీతంతో పాటు చడీచప్పుడు లేకుండా ఐదు ఇస్తుందన్నది ఆమె తేల్చిన మాట. రోజుకు ఒక క్రమం, ఇంట్లోవాళ్ళు కాని మనుషులతో పొత్తు, ఒక్కడి వల్ల కాని పెద్ద పనిలో పాలు, నలుగురిలో ఒక గుర్తింపు, ఊరికే కూర్చోనివ్వని ఒత్తిడి. టైముకి వెళ్ళాలని, ఆ మనుషుల మొహం చూడాలని, ఎవరి కోసమో చాకిరీ చేయాలని మనం ఉద్యోగాన్ని తిట్టుకునేది ఈ ఐదింటి గురించే.

నోటిఫికేషన్ దాకా

హైదరాబాద్ చిక్కడపల్లిలోని నగర కేంద్ర గ్రంథాలయం దగ్గర కథ తిరగబడింది. ఇక్కడ కుర్చీ దొరకాలంటే పొద్దున్నే వెళ్ళాలి. లోపల చోటు లేకపోతే ఆవరణలోనే ఎక్కడో ఒకచోట కూర్చుని చదువుతుంటారు. పక్కనే అశోక్‌నగర్ కోచింగ్ సెంటర్లు, హాస్టళ్ళు. తెరుచుకునే పుస్తకాలు పాలిటీ, ఎకానమీ, కరెంట్ అఫైర్స్.

తెలంగాణలో గ్రూప్-1కి 503 పోస్టులతో 2022 ఏప్రిల్‌లో నోటిఫికేషన్ వచ్చింది. అక్టోబరులో ప్రిలిమ్స్ రాశారు. పేపర్లు లీకయ్యాయని 2023 మార్చిలో రద్దయింది. జూన్‌లో మళ్ళీ రాశారు. సెప్టెంబరులో హైకోర్టు దాన్నీ రద్దు చేసింది. 2024 ఫిబ్రవరిలో 563 పోస్టులతో కొత్త నోటిఫికేషన్. అటు ఆంధ్రప్రదేశ్‌లో 2018 డీఎస్సీ తర్వాత టీచరు పోస్టులకు మళ్ళీ పరీక్ష రాసేసరికి 2025 వచ్చింది. ఇరవై మూడేళ్ళప్పుడు పుస్తకం పట్టినవాడు ముప్ఫైకి చేరాడు.

ఈ పిల్లలు సోమరులు కారు. ఆఫీసులో పనిచేసేవాళ్ళకన్నా ఎక్కువ గంటలు చదువుతారు. కానీ పండక్కి ఊరెళితే గడపలోనే ఎదురయ్యే ప్రశ్న ‘ఇప్పుడేం చేస్తున్నావురా?’ ‘ప్రిపేరవుతున్నా’ అన్న జవాబు మూడో ఏడాదికి నోట్లోనే నలిగిపోతుంది. అందుకే కొందరు సంక్రాంతికీ రారు. నేను గమనించినంతలో వాళ్ళలో కాస్త నిబ్బరంగా ఉండేది ర్యాంకు దగ్గరికొచ్చి తప్పినవాడు కాదు. సాయంత్రం పూట నలుగురు పిల్లలకు ట్యూషన్ చెప్పుకునేవాడు, రూమ్‌లో అందరికీ రీజనింగ్ లెక్కలు విప్పి చెప్పేవాడు. వాడికి రేపు సాయంత్రం ఐదింటికి ఒక పని ఉంది. నోటిఫికేషన్ వచ్చినా రాకపోయినా ఆ పిల్లలు వస్తారు.

శాలువా కప్పిన మర్నాడు

తెలంగాణలో 2021లో ప్రభుత్వోద్యోగుల విరమణ వయసు 61కి పెంచారు, ఆంధ్రప్రదేశ్‌లో 2022లో 62కి. ఎంత పెంచినా ఆ నెలాఖరు రానే వస్తుంది. పూలదండలు, శాలువాలు, ఫ్రేము కట్టిన సన్మాన పత్రం, ‘సార్ లేని లోటు పూడ్చలేనిది’ అన్న ఉపన్యాసాలు. లోటు పూడటానికి సాధారణంగా పది రోజులు పడుతుంది. రెండో నెలలో సార్ ‘ఊరికే ఇటుగా వెళ్తూ వచ్చాను’ అంటూ ఆఫీసుకి వస్తారు. కుర్చీ వేస్తారు, టీ తెప్పిస్తారు. ఐదు నిమిషాలు పిల్లల సంగతులు అయ్యాక ఒక్కొక్కరి చూపూ కంప్యూటర్ మీదికి జారుతుంది. మూడోసారి ఆయన రారు.

అప్పుడు మొదలవుతుంది హాబీల వేట. వాకింగ్, యోగా, తీర్థయాత్ర, అమెరికాలో ఆర్నెల్లు. తప్పేమీ లేదు. అయితే ఇవన్నీ తన కోసం తాను చేసుకునేవి. ఇవాళ వాకింగ్‌కి వెళ్ళకపోతే నష్టపోయేది తన మోకాళ్ళే. వర్షం పడితే మానేయవచ్చు, బద్ధకిస్తే మానేయవచ్చు. అలా మానేయగలిగినవన్నీ ఏడాది తిరిగేసరికి మానేసినవి అవుతాయి.

ఇక్కడ నాకు గిడుగు వెంకట రామమూర్తి గుర్తొస్తారు. 1863లో పుట్టి, 1880లో పర్లాకిమిడి రాజావారి బడిలో నెలకు ముప్ఫై రూపాయల జీతానికి పంతులుగా చేరారు. జీతమిచ్చింది చరిత్ర పాఠాలు చెప్పడానికి. చుట్టుపక్కల కొండల్లో సవరలు ఉండేవారు. వాళ్ళ భాషకు లిపి లేదు, పుస్తకం లేదు, నేర్పే బడి అసలే లేదు. తెలుగు వచ్చిన సవర మనిషిని ఇంట్లో పెట్టుకుని ఆ భాష నేర్చుకున్నారాయన. సవర పిల్లలకు వాళ్ళ మాటల్లోనే పాఠాలు రాసి, సొంత డబ్బుతో బడులు పెట్టించారు. ముఖలింగం గుడిలో శాసనాలున్నాయని తెలిసి పాత లిపులు చదవడం కూడా ఎవరూ చెప్పకుండానే నేర్చుకున్నారు. ఇదంతా బడి వదిలాక దొరికిన గంటల్లో.

1911లో ఉద్యోగం చాలించుకున్నారు. అప్పటికి ఆయనకు నలభై ఎనిమిదేళ్ళు. తెలుగువాళ్ళకు తెలిసిన గిడుగు, వ్యావహారిక భాష కోసం ఊరూరా తిరిగి గ్రాంథికవాదులతో తలపడిన గిడుగు, ఎక్కువగా ఆ తర్వాతి మనిషే. సవర భాషా వ్యాకరణం 1931లో వచ్చింది, అంటే అరవై ఎనిమిదో ఏట. సవర-ఇంగ్లిషు నిఘంటువు 1938లో, డెబ్బై అయిదో ఏట. సవర భాషలో ఆయన చేసిన కృషికి మద్రాసు ప్రభుత్వం పారితోషికం ఇవ్వబోతే, ఆ సొమ్ముతో సవరలకు బడి పెట్టమన్నారని చెబుతారు. 1940లో కన్నుమూశారు. ఉద్యోగం చేసింది ముప్ఫై ఏళ్ళు, మానేసి పనిచేసింది దాదాపు మరో ముప్ఫై ఏళ్ళు. ఆయనకు ‘కాలక్షేపం’ అనే సమస్య వచ్చి ఉంటుందనుకోను. కొండ మీద బడిలో పాఠం లేని పిల్లలున్నారు. పాఠం రాసేవాడు ఆయన ఒక్కడే.

మనందరం గిడుగులం కాలేం, కానక్కర్లేదు కూడా. వేటపాలెంలో 1918లో ఊటుకూరి వెంకట సుబ్బరాయ శ్రేష్ఠి, తోటి యువకులు కలిసి ఒక చిన్న గ్రంథాలయం మొదలుపెట్టారు. అదే సారస్వత నికేతనం. చీరాల పక్కన నేతపనివాళ్ళ ఊరది. నూరేళ్ళు దాటినా పాత పత్రికల కోసం పరిశోధకులు ఇప్పటికీ అక్కడికే వెళ్తారు. తీరిక గంటల్లో మొదలైన పని ఇంతదూరం వచ్చిందంటే, పొద్దున తలుపు తీసేసరికి బయట నిలబడే పాఠకుడు ఒకడున్నాడు కాబట్టే.

తొమ్మిది వేల సార్లు

ఇంతవరకు చదివి, ‘ఎవరికోసమో ఒళ్ళు హూనం చేసుకోవడమే జీవితమంటారా’ అని ఎవరైనా అడిగితే న్యాయమే. ఎదురుచూసే మనిషి ఉన్నంత మాత్రాన ప్రతి చాకిరీ గొప్పదైపోదు.

పోచంపల్లి తరహా ఇక్కత్ చీర సంగతే తీసుకోండి. రంగులద్దడానికి ముందు నూలును ఆసు పోయాలి. ఒక కొసన మేకు, ఎదురుగా అర్ధచంద్రాకారంలో వరసగా మేకులు. దారాన్ని ఈ మేకు నుంచి ఆ మేకుకి, మళ్ళీ వెనక్కి, చెయ్యి బారెడు చాపి తిప్పుతూనే ఉండాలి. ఒక్క చీరకు దాదాపు తొమ్మిది వేల సార్లు. లెక్క తప్పితే డిజైను తప్పుతుంది కాబట్టి చూపు కూడా పక్కకు పోకూడదు. ఇది ఎక్కువగా ఆడవాళ్ళ పని. ఆ నూలు కోసం మగ్గం ఎదురుచూస్తుంది, మగ్గం కోసం షావుకారు, షావుకారు కోసం పెళ్ళివారు. ఇంతమంది ఎదురుచూసినా భుజం నొప్పి భుజం నొప్పే.

ఆలేరు దగ్గర శారాజీపేటలో చింతకింది మల్లేశం తల్లి లక్ష్మి ఆ నొప్పితోనే ఇక ఆసు పోయలేనంది. ఆరో తరగతితో చదువాపేసిన మల్లేశం 1992లో యంత్రం పని మొదలుపెట్టి 1999లో పూర్తి చేశాడు. మధ్యలో అప్పులు, ఊళ్ళో ఎగతాళి. గంటలకొద్దీ సాగే పని యంత్రం మీద గంటన్నరకు వచ్చింది. దానికి లక్ష్మి ఆసు యంత్రం అని తల్లి పేరే పెట్టాడు. 2017లో పద్మశ్రీ వచ్చింది. పనిలో అర్థం గురించి మాట్లాడేవాళ్ళకు ఈ కథలో సగం బాగా నచ్చుతుంది, పట్టుదలతో ఏడేళ్ళు శ్రమించిన కొడుకు సగం. తల్లి సగం కూడా గుర్తుంచుకోవాలి. ఆమెకు కావాల్సింది పనిలో అర్థం కాదు, పని నుంచి విడుదల.

అందుకే వారానికి ఇన్ని గంటలు చేయాలని పెద్ద కుర్చీల్లోంచి వచ్చే మాటలు నాకు రుచించవు. ఇన్ఫోసిస్ నారాయణమూర్తి 2023లో యువత వారానికి 70 గంటలు పనిచేయాలన్నారు. 2025 జనవరిలో ఎల్ అండ్ టీ ఛైర్మన్ సుబ్రహ్మణ్యన్ 90 అన్నారు. తొంభై అంటే ఆదివారం కూడా కలుపుకుని రోజుకు దాదాపు పదమూడు గంటలు. అదే ఏడాది ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఫ్యాక్టరీల్లో రోజువారీ పరిమితిని 9 నుంచి 10 గంటలకు పెంచడానికి నిర్ణయించింది. తెలంగాణ కూడా వారానికి 48 గంటలు దాటకుండా, వాణిజ్య సంస్థల్లో రోజుకు 10 గంటలకు అనుమతిచ్చింది. 1930లో ఆర్థికవేత్త కీన్స్, నూరేళ్ళు గడిచేసరికి మనిషి వారానికి పదిహేను గంటలు పనిచేస్తే చాలునని ఊహించాడు. ఆ గడువుకు ఇంకెంతో దూరం లేదు!

ఒకడు తక్కువైతే

ఏ ప్రణాళికా లేని సమయం అసలు ఎలా ఉండేదో పెద్దవాళ్ళకు గుర్తుంది. వేసవి సెలవులు. తాటిముంజలు, మామిడితోట, చెరువు. మధ్యాహ్నం ఎండలో బయటికెళ్ళొద్దని పెద్దలు పడుకోబెడితే, వాళ్ళకు నిద్రపట్టగానే అరుగు మీద అష్టాచెమ్మా. టైంటేబుల్ లేదు, నేర్పేవాడు లేడు, చివర్లో సర్టిఫికెట్ లేదు. అయినా మారియెంతాల్ మగవాళ్ళలా మనం ఎప్పుడూ కాళ్ళీడ్చుకుంటూ నడవలేదు. ఎందుకంటే గోడవతల ఒకడు ఉండేవాడు. ఆటకి ఒకడు తక్కువైతే ఇంటికొచ్చి, ‘పిన్నీ, వాణ్ణి పంపించవా’ అని మీ అమ్మను బతిమాలేవాడు. వాడికి మీరు కావాలి. మీకు చదువొచ్చా, ర్యాంకెంత అన్నది వాడికి అక్కర్లేదు.

ఇప్పుడు ఆరో తరగతి నుంచే ఐఐటీ ఫౌండేషన్. ఏప్రిల్ ఆఖరున బడి మూస్తే మే మొదట్లో సమ్మర్ క్యాంప్. మొదటి గంట వేదిక్ మ్యాథ్స్, రెండో గంట కీబోర్డు, మూడో గంట ఈత. ఆ పిల్లవాణ్ణి ఒక్క ఆదివారం ఊరికే వదిలేస్తే పది నిమిషాల్లో ‘బోర్ కొడుతోంది, ఫోనివ్వు’ అంటాడు. వాడి తప్పు లేదు. వాణ్ణి పిలవడానికి వచ్చేవాడు కూడా ఇంకో క్యాంపులో ఉన్నాడు. పిల్లలకు ఖాళీ ఇవ్వాలనుకునే తల్లిదండ్రులు పక్కింటి పిల్లలకు కూడా అదే గంట ఖాళీ ఉండేలా వాళ్ళతో మాట్లాడుకోవాలి. ఒంటరి ఖాళీ వల్ల పిల్లలకు ఒరిగేదేమీ లేదు.

రిటైర్మెంటు లేనావిడ

ఇక అమ్మ. నా వాదనకు అడ్డం తిరిగేది ఆవిడే. ఎవరో ఎదురుచూడటమే సుఖమైతే ఆవిడంత సుఖపడేవాళ్ళు ఉండకూడదు. ఆరింటికి కాఫీ కోసం ఒకరు, ఎనిమిదింటికి బాక్సు కోసం ఒకరు, తొమ్మిదింటికి పనమ్మాయి, పదింటికి గ్యాస్ బండ. కేంద్ర గణాంక శాఖ 2024 సమయ వినియోగ సర్వే ప్రకారం ఇంటిపని చేసే ఆడవాళ్ళు దానికి రోజుకు సగటున 289 నిమిషాలు వెచ్చిస్తున్నారు, మగవాళ్ళు 88 నిమిషాలు. గుర్తుంచుకోండి, ఇది ఇంటిపని చేసే మగవాళ్ళ సగటు. అసలు చేయనివాళ్ళు ఈ లెక్కలోకే రారు.

నాన్నగారి రిటైర్మెంటుతో ఆవిడ పని ఇంకాస్త పెరిగింది. పగలు పదకొండింటికి ఇంకో టీ, మధ్యాహ్నం వేడివేడిగా ఇంకో కూర. ఎదురుచూపు ఆవిడకు చాలినంత ఉంది. లేనిది అందులోంచి బయటపడే ఒక పూట. ఆయనకు పూటలన్నీ ఖాళీగా ఉన్నాయి, ఎదురుచూసేవాళ్ళు లేరు. ఒకే వంటింటి గుమ్మానికి అటొకరూ ఇటొకరూ నిలబడి ఉన్నారు. ఇద్దరి సమస్యకూ మందు ఒకటే చోట ఉన్నప్పుడు యోగా క్యాంపుల దాకా పోవడం దేనికి?

కాబట్టి, ఈ పేజీ దాకా చదవడానికి తీరిక దొరికిన నాన్నలకూ తాతలకూ ఒక మాట. ‘సాయం చేస్తాను, ఏం చేయమంటావ్’ అని అడగకండి. చెప్పడం, చూపించడం, తర్వాత సర్దుకోవడం ఆవిడకు ఇంకో మూడు పనులు. ఇంట్లో ఒక పూటను పూర్తిగా మీ పేర రాయించుకోండి. సాయంత్రం టిఫినే అనుకుందాం. పచ్చిమిర్చి ఉందో లేదో చూసుకోవడం దగ్గర్నుంచి మూకుడు తోమి బోర్లించడం దాకా మీదే. ఒక్క ఆదివారం ముచ్చటగా చేసి ఫోటో పెడితే లాభం లేదు, రోజూ చేయాలి. మొదటి వారం ఉప్మా ఉండకడుతుంది, కట్టనివ్వండి. నెల తిరిగేసరికి ఐదున్నరకు మనవడు వంటింట్లోకి తొంగి చూసి, ‘తాతా, ఇవాళేంటి?’ అంటాడు. ఆ గంటలో ఆవిడ ఏం చేస్తోందని మాత్రం అడగొద్దు. అది ఆవిడ ఇష్టం.